ముగ్గురాయి మిల్లు వంటింట్లో టమాటా పాస్తా

నా పని

నా పేరు ఏలీషమ్మ. మాది డోన్ దగ్గర ఒక పల్లె. పెళ్లయ్యాక మా ఆయన మంగంపేటలో డంపర్ డ్రైవరుగా చేరితే నేనూ అక్కడికి వచ్చాను. అక్కడి భూమిలో దొరికేది ముగ్గురాయి, బెరైటీస్ అంటారు. దాన్ని పొడి కొట్టే ఒక మిల్లు గెస్ట్‌హౌస్‌లో, మధ్యలో ఏడాది కూలీల క్యాంటీన్‌లో, మొత్తం ఇరవై ఆరేళ్లు వంట చేశాను. రెండేళ్ల కిందట మానుకున్నాను. ఇప్పుడు వేంపల్లెలో ఉంటున్నాం.

మా చర్చికి వచ్చే ఆడపిల్లల్లో ఇద్దరు ముగ్గురు హాస్టళ్లలో, హోటళ్లలో వంటపనికి కుదిరారు. "అక్కా, ఆ పని ఎట్లుంటాది?" అని అడుగుతుంటారు. నాకెప్పుడు జీతం పెరిగింది, సెలవులెన్ని మిగిలాయి అనేవి వాళ్లకు పనికిరావు. పనికొచ్చేది ఒకటుంది. అది నేను ఒకే ఒక వంటకం దగ్గర నేర్చుకున్నాను. అది మన వంటకం కాదు. టమాటాలూ ఆలివ్ కాయలూ వేసి చేసే పాస్తా. ఇరవై ఐదు నిమిషాల్లో అయిపోయే వంట. దానివల్ల ఒక మనిషి నా చేతిలో చచ్చిపోబోయింది.

మస్తానన్న

నేను చేరేనాటికి ఆ వంటింటికి పెద్ద మస్తానన్న. నంద్యాల వైపు మనిషి. పెళ్లిళ్లలో బిర్యానీ డేగిశాల దగ్గర పెరిగిన చెయ్యి. మొదటి ఏడాది నాతో ఉల్లిగడ్డలు కోయించడం, బియ్యం ఏరించడం తప్ప ఇంకేమీ చేయించలేదు. ఆ ఏడాదంతా ఆయన మీద కోపంగా ఉండేది. తర్వాత తెలిసింది, ఉల్లిగడ్డ సన్నగా ఒకే తీరుగా కోయడం రానివాళ్లకు వేపుడు రాదని.

"ఏలీషమ్మా, నీ నాలిక మీద పడకుండా ఏదీ ఆ తలుపు దాటకూడదు" అనేవాడు. వడ్డించే ముందు ప్రతి గిన్నెలోంచీ ఒక చెంచా నాతో తినిపించేవాడు. ఉప్పు తక్కువైతే నన్నే కలపమనేవాడు. అతిథుల ముందు ఒక్క మాట అనేవాడు కాదు. వాళ్లు వెళ్లిపోయాక మాత్రం తిట్టని తిట్టు లేదు.

ఆయనలో ఒక లోపం ఉండేది. గొప్ప వంటవాళ్లలో చాలామందికి ఉంటుంది. తెలిసినదంతా తలలో పెట్టుకుంటాడు. అడిగితే చెబుతాడు, అడగకపోతే చెప్పడు.

తినని అతిథి

నాకు నలభై రెండు నిండిన ఏడు మిల్లుకు కొత్త పొడి యంత్రం వచ్చింది. దాన్ని బిగించడానికి ఇటలీ నుంచి ఒక ఇంజనీరమ్మ మూడు నెలల కోసం దిగింది. పేరు లూచియా. నాకంటే మూడు నాలుగేళ్లు పెద్దదై ఉంటుంది. పొట్టి జుట్టు, పెద్ద బూట్లు. ఆమెకు సాయంగా మా మిల్లులో చిన్న ఇంజనీరు నిర్మలను వేశారు. నిర్మలదీ డోనే. మాకూ లూచియాకూ మధ్య మాట నిర్మల నోటిమీదుగానే నడిచేది.

మొదటి రోజు మస్తానన్న బిర్యానీ చేశాడు. కోడి వేపుడు, గుత్తివంకాయ, రాగిసంగటి, అలసంద వడలు. లూచియా అన్నీ చూసింది, నవ్వింది. తెల్లన్నం, పెరుగు, అరటిపండు తీసుకుంది. మర్నాడూ అంతే. మూడో రోజు ఉడికించిన గుడ్లు అడిగింది. వాటి పెంకు కూడా తానే వలుచుకుంది. వారం రోజులకు ఆమె బెల్టు ఒక రంధ్రం లోపలికి జరిగింది.

మిల్లు మేనేజరు వంటింటికి వచ్చాడు. "ఏమ్మా, మేడం ఏం తినడంలే. ఆమె పడిపోతే మిషన్ ఎవురు బిగిస్తారు?"

"పెట్టడం మా వంతు సార్. తినేది ఆమె వంతు" అన్నాడు మస్తానన్న.

ఆ ఆదివారం మేనేజరు తిరుపతి నుంచి ఒక పాస్తా పొట్లం, రెండు సీసాల ఆలివ్ కాయలు తెప్పించాడు. మస్తానన్న సీసా వెలుతురుకు పట్టుకుని చూశాడు. "ఇదేందమ్మే, చెడిపోయిన నేరేడుకాయ మాదిరి ఉండాది" అని నాకిచ్చేశాడు. "నువ్వే చెయ్."

నాకు తెలిసింది సేమ్యా ఉప్మా. అదే దారిలో పోయాను. పాస్తాను మెత్తగా అయ్యేదాకా ఉడకబెట్టాను. అల్లం వెల్లుల్లి ముద్ద వేశాను, గరం మసాలా వేశాను. ఆలివ్ కాయల్ని ఉప్పునీళ్లతో సహా కుమ్మరించాను. నాలుక మీద వేసుకుంటే ఉప్పు కషాయంలా ఉంది. వాళ్ల వంట ఇంతేనేమో అనుకుని పంపించాను.

లూచియా ఫోర్కుతో కదిపి చూసి నిర్మలతో ఏదో అంది. నిర్మల నా వైపు తిరిగింది. "ఏమేం వేసినావని అడుగుతాండాది అక్కా. నూనె ఏ నూనె అంట?"

నాకు ఒళ్లు మండింది. వారం రోజులుగా నా వంట ముట్టని మనిషి ఇప్పుడు లెక్క అడుగుతోందనిపించింది. "ఏముంటాది? మేం రోజూ వేసేవే" అని లోపలికి వచ్చేశాను.

ఈ మాట గురించి ఆ తర్వాత చాలా ఏళ్లు ఆలోచించాను. తినేవాళ్లు ఏం వేశావని అడిగితే అది అనుమానం కాదు. అడిగినప్పుడు నిలబడి చెప్పాలి. నేను చెప్పలేదు.

ఇరవై ఐదు నిమిషాలు

మర్నాడు సాయంత్రం ఏడింటికి లూచియా తిన్నగా వంటింట్లోకి వచ్చింది. వెంట్రుకల నిండా ముగ్గురాయి పొడి. చేతిలో తన దేశం నుంచి తెచ్చుకున్న ఆలివ్ నూనె సీసా, ఒక పొట్లం పాస్తా. అతిథి వంటింట్లోకి రావడం మస్తానన్నకు నచ్చలేదు. అయినా స్టూలు పక్కకు లాగి చోటిచ్చాడు.

ఆమె మొదట చేతులు మోచేతుల దాకా కడుక్కుంది. తర్వాత బాణలి కడిగింది. మేం కడిగి బోర్లించిన బాణలే. మళ్లీ సబ్బుపెట్టి కడిగింది. మస్తానన్న నా ముఖం చూశాడు. నేను ఆయన ముఖం చూశాను. ఎందుకని ఇద్దరం అడగలేదు.

పెద్ద గిన్నెలో నీళ్లు పెట్టి, చూసి నేను భయపడేంత ఉప్పు వేసింది. నీళ్లు మరిగేలోపు బుట్టలో టమాటాలు ఏరింది. నున్నగా మెరిసే గట్టికాయల్ని పక్కన పెట్టి, కోడూరు సంతలో తెచ్చిన నాటుకాయల్నే తీసుకుంది. చీలికలు పడి, మచ్చలున్నవి. వెల్లుల్లి రెబ్బల్ని కత్తి పక్కతో నొక్కి తొక్క తీసింది. ఆలివ్ కాయల్ని కూడా అట్లాగే నొక్కితే గింజ బయటికి వచ్చింది. ఆ గింజల్ని ఒక గిన్నెలో వేసి లెక్కపెట్టింది, ఒకటి కూడా కూరలో పోకుండా.

బాణలిలో నూనె, సన్న మంట, వెల్లుల్లి, ఒక ఎండుమిరపకాయ. వెల్లుల్లి రంగు మారకముందే టమాటా ముక్కలు. మంట పెంచి వాటిని మగ్గబెట్టి, చివర్లో ఆలివ్‌లు. ఆ వేళకు పక్క గిన్నెలో పాస్తా ఉడుకుతోంది. ఒకటి తీసి కొరికి నాకు సగం ఇచ్చింది. మధ్యలో పంటికి తగిలేంత గట్టిదనం ఇంకా ఉంది. అప్పుడే దాన్ని తీసి బాణలిలో వేసింది. ఉడికిన నీళ్లు ఒక గరిటె పోసి గబగబా తిప్పింది. అంతే. పసుపు లేదు, ధనియాల పొడి లేదు, కరివేపాకు లేదు.

నాకూ మస్తానన్నకూ చెరో గిన్నె పెట్టింది. మస్తానన్న నెమ్మదిగా నమిలాడు. "టమాటా రుచి టమాటాకే ఉండాది" అన్నాడు. అంతకంటే పెద్ద మెప్పు ఆయన నోట నేనెప్పుడూ వినలేదు.

ఆ రోజు లూచియా కడుపునిండా తిన్నది. అప్పటినుంచి ప్రతి సాయంత్రం ఆమె వచ్చి చేసేది, నేను పక్కన నిలబడేదాన్ని. పది రోజులకు నేను చేస్తుంటే ఆమె పక్కన నిలబడింది. ఇరవై రోజులకు స్నానం చేసి వచ్చేసరికి బల్లమీద పెట్టి ఉంచమంది. "బాగుంది" అనే మాట నేర్చుకుంది. నా భుజం తట్టి ఆ ఒక్క మాట అనేది. ఏళ్ల తరబడి వంట చేసిన నాకు ఆ మాట మీద ఆశ పుట్టింది. ఆ ఆశే తర్వాత నా బుద్ధిని కమ్మింది.

ఆ సాయంత్రం

రెండో నెల మధ్యలో ఒకరోజు ఆలివ్ నూనె అయిపోయింది. కొత్త సీసా మర్నాడు వస్తుందని చెప్పారు. మస్తానన్న చుట్టాల పెళ్లికి ఊరికి పోయాడు. వంటింట్లో నేను ఒక్కదాన్నే.

అలమరలో పొద్దుతిరుగుడు నూనె ప్యాకెట్లు ఉన్నాయి. గెస్ట్‌హౌస్ వంటంతా ఆ నూనెతోనే. కానీ ఆ నూనెకు రుచీ వాసనా లేవు. మా ఇంట్లో మా మరిది పంపిన వేరుశనగ నూనె ఉంది, మా వైపు చెనిక్కాయ నూనె అంటాం. సొంత చేలో కాయలు, గానుగలో ఆడించినవి. మంచిది పెడదాం, బాగుంది అనిపించుకుందాం అనుకున్నాను. ఇంటికి పోయి చిన్న స్టీలు డబ్బాలో తెచ్చాను. ఎవరినీ అడగలేదు. ఎవరికీ చెప్పలేదు.

లూచియా ఏడున్నరకు వచ్చింది. ఆ వారమంతా ఆమెకు పొడి వల్ల జలుబు, ముక్కు మూసుకుపోయి వాసన తెలియడం లేదు. పక్కన నిర్మల కూర్చుంది. లూచియా నాలుగు ముద్దలు తిన్నది. నా వైపు చూసి "బాగుంది" అంది. ఐదో ముద్దకు ఫోర్కు కింద పెట్టింది. మెడ గీరుకుంది. పెదవి కందిరీగ కుట్టినట్టు ఉబ్బుతోంది.

ఆమె గిన్నె వైపు చూసింది. తర్వాత నా వైపు చూసింది. ఆ చూపులో కోపం లేదు. భయం ఉంది. గొంతు పట్టుకుని "బ్యాగ్, బ్యాగ్" అంది. నిర్మల గదిలోకి పరిగెత్తి సంచి తెచ్చి బల్లమీద బోర్లించింది. అందులో లావు పెన్నులాంటి ఇంజెక్షన్ ఉంది. లూచియా దాన్ని ప్యాంటు మీదనుంచే తొడలో గుచ్చుకుని నేలమీద కూర్చుండిపోయింది. ఊపిరి తీస్తుంటే ఈల వేసినట్టు శబ్దం.

మేనేజరు జీపు తెచ్చాడు. ఆయన ముందు సీట్లో, లూచియాను మధ్యలో పెట్టుకుని నేనూ నిర్మలా వెనక. రాజంపేట ఆసుపత్రికి పోయే దారిలో లూచియా నిర్మల చెవిలో ఒక్కో మాట చెప్పింది. నిర్మల ఏడుపు గొంతుతో అడిగింది. "అక్కా, చెనిక్కాయలు ఏమన్నా వేసినావా? ఆమెకు చెనిక్కాయలు పడవంట. పడితే ప్రాణం పోతాదంట."

"కాయలు వేయలా" అన్నాను. అంటుండగానే నాకు డబ్బా గుర్తొచ్చింది. "నూనె వేసినా. మా ఇంటి చెనిక్కాయ నూనె."

మేనేజరు వెనక్కి తిరిగాడు. కొంచెం దూరం పోయాక మెల్లగా అన్నాడు. "ఏమ్మా, ఆడ ఎవురైనా అడిగితే ఏం తెలీదని చెప్పు. రోజూ వేసే ప్యాకెట్ నూనే అని చెప్పు. లేకుంటే నీ ఉద్యోగమూ ఉండదు, నాదీ ఉండదు."

నిజం చెప్పాలంటే, ఆసుపత్రి గేటు దాకా ఆయన చెప్పినట్టే చెబుదామనుకున్నాను. ఇంటి బాడుగ గుర్తొచ్చింది, మా పాప చదువు గుర్తొచ్చింది. లూచియా చెయ్యి నా చేతిలోనే ఉంది. అది చల్లగా, చెమట పట్టి ఉంది.

డాక్టరు ఆమెను చూస్తూనే అడిగాడు. "ఏం తినింది?"

"పాస్తా సార్, వాళ్ల దేశం తిండే" అన్నాడు మేనేజరు.

"అందులో ఏమేం ఉండాది?"

మేనేజరు నా వైపు చూశాడు. నేను అన్నాను. "టమాటా, వెల్లుల్లి, ఆలివ్ కాయలు, చెనిక్కాయ నూనె సార్. గానుగ నూనె. రెండు గరిటెలు. నేనే వేసినా."

"ఎన్ని ముద్దలు తినింది?"

"నాలుగు."

డాక్టరు నర్సుకు ఏవో చెప్పి నా వైపు తిరిగాడు. "చెప్పినావు, మంచిదయింది. ఇది తగ్గినట్టే తగ్గి మళ్లీ లేస్తాది. తెలీకపోయింటే మీరు ఆమెను ఇంటికి తీస్కపోతాంటిరి. రేపంతా ఈడనే ఉండల్ల."

తెల్లవారేలోపు ఆ ఉబ్బు, ఆయాసం ఒకసారి మళ్లీ లేచాయట. మందు సిద్ధంగా ఉంది కాబట్టి ఆమె ప్రాణం నిలబడింది. పొద్దున్నే నర్సు ఆ మాట చెప్పింది.

తప్పు ఎక్కడ

మస్తానన్న ఊరినుంచి తిరిగొచ్చి సంగతి విన్నాడు. నన్ను తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేది.

"సారు నాకు చెప్పినాడు, మేడానికి చెనిక్కాయలు పెట్టొద్దని" అన్నాడు. "నేను చెట్నీ ఆపించినా. వేపుడు మీద పొడి చల్లేది ఆపించినా. నీకు చెప్పలా. నూనె నా తలకే తట్టలా."

లూచియా రావడానికి ముందే ఆఫీసుకు రాసింది. ఆఫీసు మేనేజరుకు చెప్పింది. మేనేజరు మస్తానన్నకు ఒక ముక్క చెప్పాడు. ఆయన చట్నీ ఆపాడు. ఆ మాట ప్రతి మనిషి దగ్గరా కొంచెం కొంచెం అరిగి, పొయ్యి ముందు నిలబడ్డ నా దాకా రానేలేదు. ఇది వాళ్లందరి తప్పు. కానీ నా తప్పు అందులో కలిసిపోదు. నా దగ్గర ఒక సరుకు లేదు. లేదని చెప్పకుండా దాని చోట ఇంకొకటి వేశాను. వంటపనిలో ఇంతకంటే చెడ్డ అలవాటు లేదు. లేకపోతే లేదనండి. ఆ పూట పెరుగన్నం పెట్టండి. ఎవరికీ ఏమీ కాదు.

మేనేజరు నన్ను తీసేయలేదు. గెస్ట్‌హౌస్ నుంచి మిల్లు కూలీల క్యాంటీన్‌కు మార్చాడు. ఆయన చెడ్డవాడని నేననను. పైవాళ్లకు భయపడి బతికిన మనిషి. అలాంటి పెద్దల కింద పనిచేసే పిల్లలకు ఒకటే చెబుతాను. వాళ్ల భయం వాళ్లది. దాన్ని మీరు మొయ్యొద్దు.

క్యాంటీన్‌లో మొదటి పది రోజులు నూనె ప్యాకెట్ మీది పేరు రెండుమూడు సార్లు చూసి గానీ కత్తిరించేదాన్ని కాదు. మస్తానన్న ఒక మధ్యాహ్నం వచ్చి చూశాడు. "చూసేది సరేలే" అన్నాడు. "అడిగి వండు. అది చాలు."

అప్పటినుంచి అడగడం మొదలుపెట్టాను. అన్నం తట్ట పట్టుకుని వరసలో వచ్చిన ప్రతి మనిషినీ, "నీకేమన్నా పడనిది ఉండాదా అప్పా?" అని అడిగాను. "ఏమక్కా, పెండ్లిచూపులా?" అని నవ్వారు. రెండో వారానికి నవ్వడం మానేశారు. ఒకాయనకు వంకాయ తింటే ఒళ్లంతా దద్దుర్లు. ఏళ్లుగా వంకాయ కూర రోజున ఆయన ఉత్త అన్నం, మజ్జిగ తిని పోతున్నాడు. ఇంకొకాయనకు చక్కెర జబ్బు, ఇంట్లో కూడా చెప్పలేదు. నాకు చెప్పాడు. ఆ క్యాంటీన్‌లో నేను ఏడాది ఉన్నాను. శిక్షగా పంపారు కానీ నా పని నాకు అక్కడే అర్థమయింది.

ఆమె వచ్చిన రోజు

లూచియా ఆసుపత్రి నుంచి వచ్చిన వారానికి నిర్మలను వెంటబెట్టుకుని క్యాంటీన్‌కు వచ్చింది. ముఖం ఇంకా పాలిపోయి ఉంది. నేను గరిటె పక్కన పెట్టాను. ఆమె మాట్లాడింది, నిర్మల చెప్పింది.

"నీకు తానే చెప్పాల్సిందంట అక్కా. ఆఫీసుకు చెప్తే నీ దాకా వస్తాదనుకున్నిందంట."

"ఆమె అడిగింది నిర్మలా" అన్నాను. "మొదట్లోనే ఏ నూనె అని అడిగింది. నేనే చెప్పలా. అట్ల చెప్పు ఆమెకు."

నిర్మల చెప్పింది. లూచియా విన్నది. కాదని అనలేదు. అందుకు నాకు ఆమె మీద గౌరవం పెరిగింది. నా చెయ్యి రెండు చేతులతో పట్టుకుని నొక్కి వెళ్లిపోయింది.

ఆ తర్వాత తన వంట తానే చేసుకునేది. యంత్రం తిరిగింది, పొడి బాగా పడింది. వెళ్లిపోవడానికి రెండు రోజుల ముందు మేనేజరు స్వయంగా క్యాంటీన్‌కు వచ్చాడు. "ఏమ్మా, మేడం ఈ పొద్దు నీ చేతి వంట తినల్లంట. రా" అన్నాడు.

"నాకు భయం సార్."

"నాకూ భయమే. ఆమే కావల్లంటాంది."

వెళ్లాను. మస్తానన్న పొయ్యి దగ్గరనుంచి పక్కకు జరిగాడు. బాణలి సబ్బుపెట్టి రెండుసార్లు కడిగాను. గరిటె కడిగాను. చేతులు మోచేతుల దాకా కడుక్కున్నాను. సీలు తియ్యని ఆలివ్ నూనె సీసా తెరిచాను. నాటు టమాటాలు కోశాను, ఆలివ్ గింజలు తీసి లెక్కపెట్టాను. ఒకటి కొరికి చూసి పాస్తా దించాను. నోట్లో వేసుకున్నాను. ఉప్పు సరిపోయింది.

గిన్నె తెచ్చి బల్లమీద పెట్టాను. దాని పక్కన నూనె సీసా, పాస్తా పొట్లం, ఆలివ్‌ల సీసా వరసగా పెట్టాను. లూచియా వాటిని చూసి నవ్వి, అక్కర్లేదన్నట్టు చెయ్యి ఊపి ఫోర్కు తీసుకుంది. నేను గిన్నెను నా వైపు లాక్కున్నాను.

"చదవమను నిర్మలా."

"ఆమెకు నీ మీద నమ్మకం ఉండాది అక్కా."

"ఉండనీ. చదివే తినమను."

నిర్మల ఆ మాట చెప్పింది. లూచియా నవ్వు ఆపింది. ఫోర్కు కింద పెట్టి జేబులోంచి కళ్లద్దాలు తీసింది. సీసా తిప్పి వెనక ఉన్నదంతా చదివింది. పొట్లం చదివింది. ఆలివ్‌ల సీసా చదివింది. తొందరపడలేదు.

"చల్లారిపోతాంది" అన్నాడు మస్తానన్న గుమ్మం దగ్గరనుంచి.

"చల్లారనీ అన్నా" అన్నాను.

చదవడం అయ్యాక ఆమె నా వైపు చూసి తల ఊపింది. అప్పుడు గిన్నె ఆమె ముందుకు జరిపాను. అప్పటికి పాస్తా కొంచెం గట్టిపడింది. ఆమె ఒక్క ముక్క మిగల్చకుండా తిన్నది. ఆఖరి ముద్ద అయ్యాక కూడా గంటసేపు నేను అక్కడే, ఆమె ఎదురుగా కుర్చీలో కూర్చుని ఉన్నాను.